పిచ్చుకకు పెట్టే గిన్నె



ఈ నెల మన శీర్షికలో వంట గురించి గాని, కుట్టుపని గురించి గాని వ్రాయడము లేదు. ఇంట్లో పనికిరాదని మూలన పడేసిన వస్తువులతో పక్షులకు గింజలు, నీళ్ళు పెట్టే గిన్నెలు ఎలా చేసుకోవాలో చెప్పాలని కూర్చున్నాను. అయితే చేసే విధానము చెప్పకముందు మా ఇంట్లో జరిగిన ఒక పొరపాటు మీకు చెప్పాలి. దానిని దాచిపెట్టి మిగిలినదంతా చెప్పడానికి నా మనస్సు ఒప్పుకోవడము లేదు.

నాలుగేళ్ళ క్రిందటి మాట. ఒంటిపూట బడుల రోజులు. మా చిన్నవాడు అప్పుడు నాలుగవ తరగతి. "ఎండలు ముదిరాయి, పక్షులకు నీళ్ళు దొరకవు, ఇంట్లో పారేసే డబ్బాలతో గిన్నెలు చేసి చెట్లకు కట్టండి" అని బడిలో చెప్పారట. వాడు ఇంటికి రావడముతోనే సంచి అరుగు మీద పడేసి గొడ్ల చావిడిలో దూరాడు. అటక మీద నుంచి ఒక తెల్లని ప్లాస్టిక్ డబ్బా తీశాడు. కొబ్బరి పీచు, బూడిద, సబ్బు పెట్టి మూడుసార్లు తోమాడు. కత్తిపీటతో రెండుగా కోశాడు. పురికొస కట్టి జామచెట్టుకు వేలాడదీశాడు. ఒక దానిలో నూకలు, ఇంకొక దానిలో నీళ్ళు పోశాడు.

"అమ్మా, వచ్చి చూడు, ఎంత బాగుందో!" అని పిలిచాడు. బియ్యము కడుగుతున్న చేతులతోనే పెరట్లోకి వెళ్ళి చూశాను. "భేష్‌రా నాయనా" అన్నాను. ఆ డబ్బా ఎక్కడిదిరా అని మాత్రము అడగలేదు.

మూడవనాడు తెల్లవారి మా అత్తయ్య పెరడు ఊడుస్తూ ఒక్క కేక పెట్టింది. జామచెట్టు క్రింద రెండు పిచ్చుకలు, ఒక గువ్వ చచ్చి పడి ఉన్నాయి. ఇంకొక పిచ్చుక రెక్కలు చాపుకొని నేల మీద వణుకుతున్నది. చూస్తుండగానే అదీ పోయింది. అత్తయ్య డబ్బా ముక్కను విప్పి ముక్కు దగ్గర పెట్టుకొని చూసి, "ఇది పత్తికి కొట్టిన మందు డబ్బా కాదుటే అమ్మాయీ?" అన్నది.

అప్పుడు గుర్తుకు వచ్చింది. అంతకుముందు ఏడాది ఆయన తెచ్చిన మందు అయిపోయిన తరువాత, గట్టి డబ్బా గదా, ఎప్పుడో దేనికో పనికొస్తుందని నేనే కడిగి అటక మీద పెట్టాను. నా చేతులతోనే పెట్టాను.

ఆ పూట వాడు అన్నము తినలేదు. సాయంకాలము నా ప్రక్కన వచ్చి కూర్చొని, "అమ్మా, వాటిని నేనే చంపానా?" అని అడిగాడు.

"నువ్వు కాదు నాన్నా. ఆ డబ్బాను ఇంట్లో దాచింది నేను" అని చెప్పాను. అంతకంటే చెప్పడానికి నాకు మాట రాలేదు.

దీపాలు పెట్టే వేళ ఇంకొక సంగతి బయటపడింది. ఆ డబ్బా మూత మా చంటిదాని బొమ్మల బుట్టలో దొరికింది. అప్పటికి దానికి రెండేళ్ళు. ఏది దొరికితే అది నోట్లో పెట్టుకొనే వయస్సు. వెంటనే చేతులు, మూతి కడిగి, స్నానము చేయించి, తెల్లవారే వరకు దాని ప్రక్కనే కూర్చున్నాను. దానికి ఏమీ కాలేదు. అయినా ఆ రాత్రి నేను నేర్చుకొన్నది మరచిపోలేదు. పారేసే వస్తువుతో పక్షికి గిన్నె చేసేటప్పుడు మొదట వేసుకోవలసిన ప్రశ్న ఒక్కటే. ఈ గిన్నెలో నా బిడ్డకు అన్నము పెడతానా? పెట్టనంటే పిచ్చుకకూ పెట్టకూడదు.

కడిగితే పోదా?

"సబ్బుతో కడిగితే పోదా?" అని చాలామంది అడుగుతారు. పోదు. ప్లాస్టిక్ మందును కొంత పీల్చుకుంటుంది. మూత తిరిగే మరలలో, పిడి లోపలి గుల్లలో మందు నిలిచిపోతుంది. మన కంటికి కనబడనంత మిగిలినా చిన్న ప్రాణికి చాలు. పిచ్చుక బరువు సుమారు 30 గ్రాములు. 60 కిలోల మనిషి బరువులో అది రెండువేలవ వంతు. మనకు తలనొప్పి కూడా తెప్పించనంత మందు దాని ప్రాణము తీయగలదు.

మనుష్యుల సంగతి కూడా చెబుతాను. 2013 జూలైలో బీహార్ రాష్ట్రములోని సారణ్ జిల్లాలో ఒక పల్లెటూరి బడిలో మధ్యాహ్న భోజనము తిని 23 మంది పసిపిల్లలు చనిపోయారు. వంటనూనెలో మోనోక్రోటోఫాస్ అనే పురుగుమందు ఉన్నట్లు పరీక్షల్లో తేలింది. మందు ఉంచిన డబ్బాలో నూనె పోసి ఉంటారని అనుమానించారు. పొలము మందు డబ్బా వంటింటి గడప దాటితే జరిగేది అదే.

చదువు రానివారికి కూడా తెలిసేలాగున మన దేశములో పురుగుమందు డబ్బాల మీద ఒక గుర్తు వేస్తారు. మూల మీద నిలబెట్టిన చదరము లాగా ఉంటుంది. దాని క్రింది సగములో రంగు ఉంటుంది. ఎరుపు ఉంటే అన్నింటికంటె తీవ్రమైన విషము. దాని తరువాత పసుపు, తరువాత నీలము, చివరిది ఆకుపచ్చ. ఆకుపచ్చ గదా, మంచిదే అనుకొనేవారు ఉన్నారు. అది మిగిలిన వాటికంటె తక్కువ విషమని మాత్రమే అర్థము. నాలుగు రంగులలో ఏ రంగు డబ్బా కూడా గింజలకు గాని, నీళ్ళకు గాని పనికిరాదు.

మరి ఖాళీ అయిన మందు డబ్బాను ఏమి చేయాలి? మందు కొట్టే రోజుననే డబ్బాలో నీళ్ళు పోసి మూడుసార్లు బాగా కుదిపి, ఆ నీళ్ళను పిచికారి ట్యాంకులోనే పోసి పొలానికి కొట్టాలి. కాలువలో, బావి దగ్గర కడగకూడదు. తరువాత డబ్బాకు అడుగునా ప్రక్కలా చిల్లులు పొడవాలి. చిల్లు పడిన డబ్బాను ఎవరూ దాచుకోరు. పొయ్యిలో వేసి కాల్చవద్దు, ఆ పొగ కూడా విషమే. ఇంటికి, పశువులకు దూరముగా ఉంచి, ఎక్కడ అప్పగించాలో మీ మండల వ్యవసాయాధికారిని అడగండి.

మందు డబ్బాలే గాక ఇంకా కొన్ని వస్తువులు పక్షుల గిన్నెలకు పనికిరావు. రంగు డబ్బాలు, ఫినాయిలు, యాసిడ్ సీసాలు, ఇంజను ఆయిలు డబ్బాలు వాడవద్దు. రేకు డబ్బా కోసిన అంచు పక్షి కాలిని కోస్తుంది. నైలాను దారము, గాలపు దారము కాళ్ళకు చుట్టుకొని పక్షి తలక్రిందులుగా వేలాడి చస్తుంది. కట్టడానికి పురికొస గాని, నూలు త్రాడు గాని, చుట్టు తీగ గాని వాడి, కొసలు పొట్టిగా కత్తిరించండి.

విత్తనాల మాట కూడా మరువవద్దు. కొట్టు నుంచి తెచ్చిన మొక్కజొన్న, జొన్న, ప్రొద్దుతిరుగుడు విత్తనాలకు చాలావరకు మందు పట్టించి ఉంటుంది. అది తెలియడానికే వాటికి ఎరుపో, గులాబీయో, నీలమో రంగు వేస్తారు. విత్తగా మిగిలిన గుప్పెడు గింజలను "పోనీలే, పక్షులు తింటాయి" అని పెరట్లో చల్లవద్దు. కోళ్ళకు కూడా వేయవద్దు.

ఇంతకూ ఎందుకు పెట్టాలి?

"పొలములో వాటిని వడిసెలతో తోలుతున్నాము. ఇంటి దగ్గర పిలిచి పెట్టమంటారా?" అని రైతు సోదరులు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. కంకి పాలుపోసుకొనే రోజులలో పిచ్చుకల గుంపు వాలితే ఎంత నష్టమో పొలము గలవారికే తెలుసు. అయితే పిచ్చుక తన పిల్లలకు ఎక్కువగా గింజలు పెట్టదు. గుడ్డు పగిలి బయటకు వచ్చిన పిల్ల గూడు విడవడానికి సుమారు రెండు వారాలు పడుతుంది. ఆ రోజులలో దానికి ముఖ్యమైన ఆహారము పురుగులు. తల్లీ తండ్రీ ప్రొద్దున్నుంచి చీకటి పడేవరకు గొంగళి పురుగులను, చిన్న చిన్న పురుగులను ఏరి తెచ్చి నోటికి అందిస్తూనే ఉంటాయి.

1958లో చైనా దేశములో పిచ్చుకలు ధాన్యము తింటున్నాయని వాటిని దేశమునకు పట్టిన నాలుగు పీడలలో ఒకటిగా లెక్కగట్టారు. ఎలుకలు, ఈగలు, దోమలు మిగిలిన మూడు. ఊళ్ళకు ఊళ్ళు బయటకు వచ్చి డప్పులు, పళ్ళేలు వాయిస్తూ పిచ్చుకలను వాలనివ్వకుండా తరిమారు. ఎగిరి ఎగిరి అలసిపోయి అవి నేల రాలాయి. లెక్కలేనన్ని చచ్చాయి. తీరా చూస్తే పొలాలలో పురుగు పెరిగిపోయింది. 1960లో పిచ్చుకను ఆ జాబితా నుంచి తీసివేసి, దాని స్థానములో నల్లిని చేర్చారు. అప్పటికే జరగవలసిన నష్టము జరిగిపోయింది.

మన దేశములో పిచ్చుకలు అంతరించిపోయాయని తరచు వింటుంటాము. 2020లో భారతదేశపు పక్షుల స్థితి మీద వెలువడిన నివేదిక మరొక విధముగా చెప్పింది. పాతికేళ్ళ లెక్కలు చూస్తే దేశము మొత్తము మీద పిచ్చుకల సంఖ్య ఇంచుమించు నిలకడగానే ఉన్నదట. హైదరాబాదు, చెన్నై, బెంగళూరు, ముంబాయి, ఢిల్లీ, కలకత్తా వంటి మహానగరాలలో మాత్రము తగ్గిందట. అనగా పిచ్చుకను ఇంకా నిలబెట్టి ఉంచినది చాలావరకు మన పల్లెలే. కాని మన పల్లెలలో కూడా పెంకుటిళ్ళు, పూరిళ్ళు పోయి స్లాబు ఇళ్ళు వస్తున్నాయి. దూలము సందు లేదు, చూరు లేదు, గోడకు కన్నము లేదు. నూర్చే కళ్ళము కూడా ఇంటి దగ్గర లేదు. గింజ, నీళ్ళు, నీడ ఒకప్పుడు మనము అనుకోకుండానే ఇచ్చేవాళ్ళము. ఇప్పుడు అనుకొని ఇవ్వవలసిన రోజులు వచ్చాయి. 2010 నుంచి మార్చి 20వ తేదీని ప్రపంచ పిచ్చుకల దినముగా జరుపుతున్నారు. మన ఎండలు ముదిరేది కూడా అప్పటి నుంచే గనుక, గిన్నె కట్టడానికి ఆ రోజు గుర్తు పెట్టుకోవచ్చు.

మన పెద్దల గిన్నె

డబ్బాలు, సీసాలు లేని రోజులలో మన పెద్దలు చేసిన ఏర్పాటు ఒకటి ఉన్నది. కృష్ణా, గోదావరి జిల్లాల వరి ఊళ్ళలో కోతలప్పుడు మంచి కంకులను ఏరి, కుచ్చుగా అల్లి, ఇంటి చూరుకు, వసారా దూలానికి వేలాడదీసేవారు. కొన్నిచోట్ల ఇప్పటికీ కడుతున్నారు. పిచ్చుకలు ఆ కుచ్చును పట్టుకొని వ్రేలాడుతూ ఒక్కొక్క గింజా ఒలుచుకొని తింటాయి.

దానిని చేయడము కష్టము కాదు. కోత ముందు అడుగున్నర గడ్డితో సహా కంకులు ఏరండి. రెండు రోజులు నీడన ఆరబెట్టండి. మరీ ఎండితే అల్లేటప్పుడు గడ్డి విరుగుతుంది, అప్పుడు నీళ్ళు చిలకరించుకోండి. ఆడపిల్లకు జడ వేసినట్లే మూడు పాయలుగా అల్లుతూ, ప్రతి మలుపులో రెండు మూడు కొత్త కంకులు కలపండి. గింజలన్నీ క్రిందికి వ్రేలాడాలి. పై కొసను పురికొసతో గట్టిగా కట్టండి. కోత ముందు మందు కొట్టిన చేను కంకులు మాత్రము వాడవద్దు.

వరి లేనివారికి, పట్నములో ఉన్నవారికి మూడు సులువైన గిన్నెలు చెబుతాను.

ఒకటి: కొబ్బరి చిప్ప

కావలసినవి: పగుళ్ళు లేని ఒక కొబ్బరి చిప్ప, మూర పొడవు పురికొసలు మూడు, ఒక మేకు.

చిప్ప అంచుకు అర అంగుళము క్రిందుగా, సమానమైన ఎడముతో మూడు చిల్లులు పెట్టండి. మేకును నిప్పుల మీద ఎర్రగా కాల్చి పటకారుతో పట్టుకొని గుచ్చితే చిప్ప పగలదు. ఈ పని పెద్దలు చేయాలి. అడుగున ఇంకొక సన్న చిల్లు పెట్టండి. వాన పడితే నీళ్ళు అందులో నుంచి కారిపోతాయి. మూడు చిల్లులలో మూడు త్రాళ్ళు దూర్చి, లోపలి వైపు ముడి వేసి, పైన మూడింటిని కలిపి కట్టండి. చిప్ప వంగకుండా త్రాళ్ళ పొడవు సరిచేయండి. రెండు చెంచాల గింజలు వేస్తే చాలు. చిప్పకు కొంచెము కొబ్బరి అంటుకొని ఉంటే ఉడుత వచ్చి గీరుకొని తింటుంది. బూజు పట్టిందంటే ఆ కొబ్బరిని తీసివేయండి.

రెండు: నీళ్ళ సీసా

కావలసినవి: లీటరు మంచినీళ్ళ సీసా ఒకటి, విరిగినవైనా సరే చెక్క గరిటెలు రెండు, చుట్టు తీగ.

సీసా అడుగు నుంచి నాలుగు అంగుళాల ఎత్తున ఒక ప్రక్క గరిటె కాడ పట్టేటంత చిన్న చిల్లు పెట్టండి. దానికి ఎదురుగా రెండవ ప్రక్క, కొంచెము క్రిందుగా, అర అంగుళము వెడల్పు చిల్లు పెట్టండి. పెద్ద చిల్లు గుండా కాడను లోపలికి తోసి, చిన్న చిల్లులో నుంచి బయటకు తీయండి. గరిటె గుంట పెద్ద చిల్లు బయట ఉండి, కొద్దిగా క్రిందికి వాలి ఉండాలి. దీనికి మూడు అంగుళాల పైన, అడ్డముగా, రెండవ గరిటెను కూడా ఇలాగే దూర్చండి. సీసా అడుగున సూదితో నాలుగైదు సన్న చిల్లులు పొడవండి.

కాగితము గరాటులాగా చుట్టి సీసాలో గింజలు పోసి మూత బిగించండి. మెడకు తీగ చుట్టి వేలాడదీయండి. పక్షి గరిటె మీద వాలి గుంటలోని గింజలు తింటుంది. తిన్నకొలది పై నుంచి గింజలు జారి గుంట నిండుతుంది. నూకలు, సజ్జలు, కొర్రలు దీనికి బాగుంటాయి. పెద్ద చిల్లును మొదట చిన్నదిగానే పెట్టి, గింజలు జారకపోతే కొంచెము కొంచెముగా పెంచండి. మొదటనే పెద్దది చేస్తే గింజలన్నీ నేల పాలవుతాయి. గరిటెలు లేకపోతే వెదురు బద్దను గుంటగా చెక్కి వాడవచ్చు.

మూడు: నీళ్ళ మూకుడు

వేసవిలో గింజ కంటె నీళ్ళే ముఖ్యము. పగిలిన కడవ అడుగు భాగము గాని, పాత మట్టి మూకుడు గాని దీనికి తగినది. మట్టి గిన్నెలో నీళ్ళు చల్లగా ఉంటాయి. రేకు గిన్నె ఎండకు కాలిపోతుంది. పగిలిన అంచును బండ మీద రుద్ది నునుపు చేయండి. లోతు రెండు అంగుళాలకు మించకూడదు. మధ్యలో ఒక గరుకు రాయి గాని, పెంకు ముక్క గాని నీళ్ళపైకి తేలేటట్లు పెట్టండి. చిన్న పిట్టలు దాని మీద నిలబడి త్రాగుతాయి. జారిపడిన తేనెటీగ కూడా దానిని పట్టుకొని పైకి ఎక్కుతుంది.

వేలాడదీయడానికి పాత నూలు చీర అంచులు చించి, మూడు పాయల త్రాడుగా అల్లి, ఉట్టి కట్టండి. ఉట్టి కట్టడము తెలిసిన అమ్మమ్మలు, నాయనమ్మలు ఇంట్లో ఉంటే పిల్లలను వాళ్ళ దగ్గర కూర్చోబెట్టండి. అది నేర్పేవారు ఇప్పుడు తక్కువ.

ఏమి పెట్టాలి? ఏమి పెట్టకూడదు?

వడ్లు, నూకలు, జొన్నలు, సజ్జలు, కొర్రలు పెట్టవచ్చు. ఉడుతలకు, గోరింకలకు ఉప్పు లేని పచ్చి వేరుశనగ పలుకులు, జామపండు, అరటిపండు ముక్కలు పెట్టవచ్చు. ఉప్పు, కారము, నూనె తగిలిన ఆహారము పెట్టవద్దు. కారప్పూస, చిప్సు, పులిసిన అన్నము, బూజు పట్టిన రొట్టె పనికిరావు. మనము తినగా మిగిలిన అన్నము పెడితే ఉప్పూ పులుసూ తగలనిది కొంచెమే పెట్టి, సాయంకాలానికి మిగిలినది తీసివేయండి.

ఎంత పెట్టాలంటే, మధ్యాహ్నానికి అయిపోయేటంత. పొలములో పంట గింజ పట్టే రోజులలో, మీ పెరడు చేనుకు ఆనుకొని ఉంటే, గింజలు ఆపి నీళ్ళు మాత్రము పెట్టండి. గుంపులను చేని దగ్గరకు పిలిచినట్లు కాకుండా ఉంటుంది. పిల్లలు లేచేది మాత్రము పురుగుల మీదనే అని పైన చెప్పాను గదా. కనుక పెరట్లో ఒక మూల కంచె మొక్కలను, మందారమును, బీరపాదును మందు కొట్టకుండా వదలండి. ఎన్ని గిన్నెలు కట్టినా ఆ మూల చేసే పని చేయలేవు.

ఎక్కడ కట్టాలి?

నేలకు అయిదారు అడుగుల ఎత్తున, పిల్లి దూకడానికి ఆసరా లేనిచోట కట్టండి. పిల్లి పొంచి కూర్చొనే పొద గిన్నె ప్రక్కనే ఉండకూడదు. ఆరేడు అడుగుల దూరములో ఒక చెట్టు ఉంటే పక్షులు భయపడినప్పుడు అందులోనికి ఎగిరిపోతాయి. తిరిగే సీలింగు ఫ్యాను ఉన్న గదిలో గాని, వసారాలో గాని గింజలు పెట్టనేవద్దు. ఫ్యాను రెక్క తగిలి చచ్చిన పిచ్చుకలు మనము చూడనివి కావు.

కోతులు తిరిగే ఊళ్ళలో గింజలు, పండ్లు బయట పెట్టవద్దు. ఒకసారి మరిగితే ఇంటి పైకప్పు మీదికి, వంటింట్లోకి వస్తాయి. అక్కడ నీళ్ళ మూకుడు ఒక్కటే చాలు. రాత్రి గింజలు మిగిలితే ఎలుకలు వస్తాయి, వాటి వెనుక పాము వస్తుంది. చీకటి పడకముందే క్రింద రాలిన గింజలు ఊడ్చండి.

కోళ్ళు పెంచేవారు గిన్నెను కోళ్ళ గూటికి దూరముగా కట్టండి. బయటి పక్షుల రెట్టలు కోళ్ళ మేతలో పడకూడదు. 2025 ఫిబ్రవరిలో గోదావరి జిల్లాలలో కోళ్ళకు బర్డ్ ఫ్లూ వచ్చినప్పుడు ఎంత నష్టము జరిగిందో మీరెరుగుదురు. మీ ప్రాంతములో అటువంటి జబ్బు వచ్చినట్లు తెలిస్తే గిన్నెలు విప్పి దాచండి. చచ్చిన పక్షిని వట్టి చేతులతో తాకవద్దు, పిల్లలను తాకనివ్వవద్దు.

నీళ్ళు ప్రతి ఉదయము పారబోసి కొత్తవి పోయండి. వారము రోజులు కదలని నీళ్ళలో దోమ పిల్లలు పుడతాయి. గింజల గిన్నెను వారానికి ఒకసారి వేడినీళ్ళతో కడిగి, పూర్తిగా ఎండనిచ్చి మళ్ళీ కట్టండి. పని అయిన తరువాత మీ చేతులు సబ్బుతో కడుక్కోండి. గిన్నె దగ్గరకు చిలుకలు వస్తే చూసి సంతోషించండి. పట్టి పంజరములో పెట్టడము 1972 నాటి వన్యప్రాణి చట్టము ప్రకారము నేరము.

కట్టిన మరునాడే పక్షులు రాకపోతే పిల్లలు నిరుత్సాహపడతారు. వారము పట్టవచ్చు, నెల పట్టవచ్చు. చోటు మార్చకుండా, రోజూ అదే వేళకు పెట్టమని చెప్పండి.

ఆ వేసవిలో మా చిన్నవాడు మళ్ళీ గిన్నె కట్టలేదు. నేనూ బలవంతము చేయలేదు. ఆయనా నేనూ కలిసి అటకలన్నీ దింపాము. మందు డబ్బాలు అయిదు దొరికాయి. ఒక దానిలో నేను విత్తనాల పెసలు పోసి ఉంచాను. ఒక దానిని కోసి గొడ్లకు కుడితి పోసే చెంబుగా వాడుతున్నాము. అయిదింటికీ చిల్లులు పొడిచి ఇంట్లో నుంచి పంపించాము. పెసలు కూడా పారబోశాము.

మళ్ళీ కోతలు వచ్చాయి. ఆయన మా తిండికి మందు కొట్టకుండా ఉంచుకొన్న మడిలో నుంచి ఒక మోపు కంకులు తెచ్చారు. అత్తయ్య వాణ్ణి ప్రక్కన కూర్చోబెట్టుకొని కుచ్చు అల్లడము నేర్పింది. అది అయిన తరువాత వాడు తనంతట తానే ఒక కొబ్బరి చిప్ప తెచ్చి చిల్లులు పెట్టమన్నాడు. గింజలు పోశాడు. జామచెట్టుకు కట్టబోతూ ఆగి, వెనుకకు వచ్చి, చిప్పను నా ముందు పెట్టాడు.

"అమ్మా, దీంట్లోవి నువ్వు తింటావా?" అన్నాడు.

నాలుగు నూకలు తీసుకొని నోట్లో వేసుకొన్నాను. వాడు నా ముఖము వైపే చూస్తూ నిలబడ్డాడు. నేను మింగిన తరువాత వెళ్ళి కట్టాడు. నాలుగు రోజులు ఏ పిట్టా రాలేదు. అయిదవనాడు గొంతు క్రింద నల్లమచ్చ ఉన్న ఒక మగ పిచ్చుక వచ్చి కుచ్చు మీద వాలింది. వాడు బడికి ఆలస్యమైనా కదల్లేదు.

ప్రభువు కాలములో పిచ్చుకలు అంగడిలో అమ్మే వస్తువులలో చాలా చవకైనవి. రెండు కలిపి ఒక కాసుకు ఇచ్చేవారు. రెండు కాసులు ఇస్తే అయిదు వచ్చేవట, అనగా ఒకటి కొసరు. వెలలేని ఆ కొసరు పిచ్చుకను కూడా పరలోకపు తండ్రి మరువడని మన పిల్లలకు ఆదివారపు బడిలో నేర్పుతున్నాము. మన పెరట్లోకి వచ్చినప్పుడు దానికి పెట్టే గిన్నె మాత్రము మనము చూసి పెట్టవలసినదే.

ఈ ఉత్తరము చదివిన సాయంకాలమే ఒక పని చేయండి. లాంతరో టార్చిలైటో పట్టుకొని మీ అటక, చావిడి, స్నానాల గది మూల వెదకండి. ఎరుపు, పసుపు, నీలము, ఆకుపచ్చ గుర్తు ఉన్న డబ్బా ఏది కనబడినా, అందులో ఏమి పోసి ఉన్నా, బయటకు తీయండి. ఆ తరువాత పిల్లలను పిలిచి, కొబ్బరి చిప్ప ఒకటి చేతికివ్వండి.

వచ్చే నెల మరల కలుసుకుందాము.